చూసిన ముఖానికే హాజరు

నల్లగొండ,
2025 ఏప్రిల్ 7

బిడ్డా,

నిన్న శ్రీరామనవమికి మీ నాయనమ్మ బిందెడు పానకం కలిపి గుడికాడికి పంపి, మిగిలిన చెంబెడు ఫ్రిజ్‌ల పెట్టి, "పోరికి ఇష్టం, సెలవు దొరికితే వస్తదేమో" అనుకుంట పొద్దూకేదాక వాకిట్లనే కూసున్నది. నువ్వు బందోబస్తుల ఉన్నవని నాకు తెలుసు గాని ఆమెకు చెప్పలేదు, ఎండల నిలబడ్డవని తెలిస్తే ఆ చెంబు పట్టుకొని బస్సెక్కే మనిషి. మొన్న సెప్టెంబరుల పరేడ్ నాడు దిగిన నీ ఫొటోను, భుజం మీద రెండు నక్షత్రాలతోటి టోపీ సర్దుకుంటున్నదాన్ని, పటం కట్టిచ్చి టీవీ పక్కన పెట్టింది. ఇంటికొచ్చినోళ్ళు చాయ్ తాగకున్నా సరే, అది చూడకుండ పోవుడు కుదరదు. నేను పైకి నవ్వుకుంట ఊకుంటగాని, వాళ్ళు పోయినంక చమటంటిన వేలి గుర్తులు అద్దం మీద నుంచి తుడిచేది నేనే.

ఫోన్‌ల అంటే "నాకు తెలుసులే తాతా" అని నడుమనే తెంపుతవు. ఉత్తరానికి అడ్డం రాలేవు గద, అందుకే రాస్తున్న.

నీకు యాదికున్నదో లేదో, నాలుగేండ్ల పిల్లవప్పుడు నా ధోతి కొంగు పట్టుకొని చందంపేట దిక్కు నా బడికి వచ్చేదానివి. నేను హాజరు పిలుస్తుంటే బల్ల పక్కన నిలబడి ఒక్కొక్క పేరు విని, ఆఖరుకు రిజిస్టరు మూసేటప్పుడు "మరి నా పేరేది?" అని ఏడ్చినవు. అందుకని అడుగున పెన్సిల్‌తోని నీ పేరు రాసిన. రోజూ అందరి తర్వాత నిన్ను పిలిస్తే, రెండు మడమలు దగ్గరికి కొట్టి "హాజర్ సార్" అనేదానివి, అప్పుడే పోలీసువైనట్టు. ఇన్‌స్పెక్షన్‌కు దొరలొచ్చిన నాడు రబ్బరుతోని చెరిపి, వాళ్ళ జీపు మలుపు తిరగంగనే మళ్ళ రాసేది. నౌకరీ మొత్తంల నేను తప్పని నియమం ఒక్కటే బిడ్డా: పేరు పిలిచి, తలెత్తి, ముఖం చూసినంకనే గీత పెట్టాలె. ఎందుకంటే ఒకని పేరుకు ఇంకొకడు పలుకుతడు, రాని దోస్తు కోసం గొంతు మార్చి "హాజర్" అంటడు. కాయితం మీద అంతా సరిగ్గనే ఉంటది, బెంచీ మీద మనిషి ఉండడు.

ఇయ్యాల తారీఖు చూసినవా? పదేండ్ల కింద ఇదే రోజు, నీకు పదో తరగతి పరీక్షల కాలం. ఆ వారం మన జిల్లా జిల్లా అంత నిద్రపోలేదు. ఏప్రిల్ 1 రాత్రి సూర్యాపేట బస్టాండ్‌ల తనిఖీ చేస్తున్న పోలీసుల మీద కాల్పులు జరిగి ఒక కానిస్టేబులు, ఒక హోంగార్డు అక్కడికక్కడే పోయిండ్రు. మూడు రోజులకు జానకిపురం కాడ ఆ కాల్చినోళ్ళిద్దరు ఎదురుకాల్పుల్ల చచ్చిపోయిండ్రు, ఇంకో కానిస్టేబులు ప్రాణం కూడ పోయింది, ఎస్సై సిద్ధయ్య ఒంట్లె గుండ్లతోని దవాఖాన పాలైండు. ఆయన అట్ల కొట్టుమిట్టాడుతున్న రోజుల్లనే ఆయన భార్య కొడుకును కన్నది. 7వ తారీఖు ఆయన పోయిండని టీవీల వస్తే నువ్వు పుస్తకం మూసి, "ఆ బాబు వాళ్ళ నాయినను చూడనే లేదా తాతా?" అన్నవు.

అదే రోజు ఇంకో వార్త. వరంగల్ జైలు నుంచి హైదరాబాద్ కోర్టుకు తీసుకపోతున్న ఐదుగురు విచారణ ఖైదీలు ఆలేరు కాడ వ్యాన్‌లనే పోలీసుల తూటాలకు చచ్చిపోయిండ్రు. పోలీసులను చంపిండ్రనే నేరం మీద ఉన్నరు, విచారణ ఆఖరుకొచ్చింది, తీర్పు రావాల్సింది కోర్టు నుంచి. తుపాకులు గుంజుకోబోయిండ్రని చెప్పిండ్రు. మరునాటి ఫొటోలల్ల సీట్లకు ఒరిగిన పీనుగుల చేతులకు బేడీలు అట్లనే ఉన్నయి. అప్పుడు నువ్వు అడిగిన రెండో మాట: "బేడీలు ఉన్నయి గద తాతా, తుపాకి ఎట్ల గుంజుకుంటరు?"

ముప్పై మందికి లెక్కలు చెప్పినోణ్ణి, నీ ఈ లెక్కకు జవాబు చెప్పలేక చాయ్ కప్పు పట్టుకొని బయటికి పోయిన. తర్వాత ప్రభుత్వం సిట్ ఏసింది, పేపర్లల్ల కొన్నాళ్ళు వచ్చింది, ఆగింది. నాకు మాత్రం ఆ రెండు ప్రశ్నలు ఒక్క నోట్లె నుంచి ఒక్క దినంల వచ్చినయన్న సంగతే ఇన్నేండ్లు సంతోషం. చానమందికి ఒక్కటే వస్తది బిడ్డా. ఖాకీని చూసి ఏడ్చేటోళ్ళు బేడీలను చూడరు, బేడీలను చూసేటోళ్ళు ఆ పసిగుడ్డును మరుస్తరు.

మన నల్లగొండ, పాలమూరు జిల్లాలకు ఈ బాధ ఆనాటిది కాదు. 1999ల భువనగిరి పాటగత్తె బెల్లి లలితను చంపి ముక్కలు చేసిండ్రు. 2000 నవంబరుల పాలమూరు హక్కుల మనిషి పురుషోత్తంను హైదరాబాద్‌ల పట్టపగలు నరికిండ్రు. మూడు నెలలు తిరగకముందే, 2001 ఫిబ్రవరిల, మన నల్లగొండల ఇంకో హక్కుల మనిషి ఆజం అలీని నరికిండ్రు. గ్రీన్ టైగర్స్ అని పేరు చెప్పుకున్నరు. పేరున్నది గాని ముఖం లేదు. వాళ్ళు ఎవల అండతోని తిరుగుతున్నరో చాయ్ హోటళ్ళల్ల పిల్లలకు సుత తెలుసు, రికార్డుల మాత్రం ఎవలకు తెల్వదు. ఆ ముఖం లేని లోకంల నుంచి బయటపడ్డ ఒక్క ముఖం భువనగిరి నయీముద్దీన్‌ది. 1993ల ఐపీఎస్ అధికారి వ్యాస్‌ను చంపిన కేసుల పేరొచ్చినోడు, నక్సలైట్లను విడిచినంక పోలీసుల నీడలనే పెరిగిండని జనమంతా అనుకున్నోడు, భూములు గుంజుకుంట, బెదిరిచ్చుకుంట ఏండ్లకేండ్లు తిరిగి, 2016 ఆగస్టుల షాద్‌నగర్‌ల పోలీసు కాల్పులల్లనే పోయిండు. ఆ తర్వాత అతనితోని సంబంధాలున్నయని కొందరు పోలీసు అధికారులు సస్పెండైండ్రు కూడ. పాముకు పాలు పోసినోని ఇల్లు ఏదని అడిగితే, బిడ్డా, ఊరంత ఒక దిక్కు చూస్తది గాని ఎవ్వలు వేలు చూపరు.

అడవిల ఉన్నోళ్ళ లెక్క వేరని అనుకోకు. 2005 ఆగస్టు 15న, జెండా పండుగ నాడు, నారాయణపేటల మావోయిస్టులు మక్తల్ ఎమ్మెల్యే నర్సిరెడ్డిని కాల్చి చంపిండ్రు. ఆయన కొడుకు కూడ పోయిండు, ఇంకొందరు పోయిండ్రు. ఏ సిద్ధాంతం పేరు చెప్పినా ఆ పని నాకు మింగుడు పడదు. రెండు దినాలకే ప్రభుత్వం ఆ పార్టీని నిషేధిస్తే సరే అనుకున్న, దాంతోపాటే కథలు, కవితలు రాసుకునే విప్లవ రచయితల సంఘం విరసంను కూడ అదే చట్టం కింద నిషేధించింది. నవంబరు దాక ఆగి, దానికి తగిన కారణం లేదని సలహా మండలి తేల్చినంక ఎత్తేసిండ్రు. ఆ నడుమనే పాలమూరుల కనకాచారి అనే ఉపాధ్యాయుణ్ణి నర్సా కోబ్రాల పేరుతోని చంపిండ్రు. ఆ పేరు వింటే చనిపోయిన ఎమ్మెల్యే పేరే యాదికొచ్చేది. ఒక చావు ఇంకో చావుకు సంతకం పెట్టినట్టయింది.

ఇగ మనింటి ముచ్చట. మీ నాయిన సుత నీకు పూర్తిగ చెప్పి ఉండడు. అది టాడా చట్టం ఉన్న కాలం. ఒక రాత్రి తలుపు కొట్టిండ్రు. అడవిల నుంచి వచ్చిన ముగ్గురు, అండ్ల ఒకనికి మీసం సుత సరిగ్గ రాలేదు. అన్నం కావాలన్నరు. మీ నాయనమ్మ ఒక్క మాట మాట్లాడలే, పొయ్యి రాజేసి ఎసరు పెట్టి, చింతపండు పిసికి పచ్చిపులుసు చేసి, ఉల్లిగడ్డ కోసి పెట్టింది. ఆ పిలగాడు తింటుంటే కంచంల మెతుకు మిగలనీయకుండ వేలితోని తుడిచిండు, ఆమె ఇంకో గంటెడు వేసింది. తుపాకులు గోడకు ఆనిచ్చి ఉన్నయి. నాకు చేతులు వణికినయి, ఆమెకు వణకలే.

తెల్లారి జీపొచ్చింది. ఏ స్టేషనో ఎందుకుగాని, పొద్దందాక బెంచీ మీద కూసోబెట్టిండ్రు. బడి పిల్లలు రోడ్డు మీద నుంచి చూసుకుంట పోయిండ్రు. ఒక పెద్ద సారు "వీళ్ళకు వాళ్ళతోని సంబంధముందని రాయి" అని రైటర్‌కు చెప్పి జీపెక్కిండు. ఆ రైటర్ నడీడు మనిషి, కండ్లద్దాల దారం మెడల యాలాడుతుండె. కాయితం ముందట పెట్టుకొని చానసేపు రాయలే. నాకు గ్లాసెడు నీళ్ళు తెప్పిచ్చి, కండ్లద్దాలు నొసటి మీదికి ఎత్తి, నా ముఖం చూసి, "సార్, ఎందుకు పెట్టిండ్రు అన్నం?" అని అడిగిండు. "మా ఆమెను అడుగున్రి, ఆకలన్నరని పెట్టింది" అన్న. ఆయన మెల్లగ "ఆకలి అని రాయనీకి రాదు సార్" అని, "ప్రాణభయంతో అన్నం పెట్టినట్లు" అని రాసిండు. చీకటి పడంగ ఇంటికొచ్చిన. ఆ ఒక్క మాట నన్ను జైలు నుంచి తప్పిచ్చింది.

ముప్పై ఏండ్లు దాటింది, నేను ఇంకా ఆ మాటనే తిప్పి తిప్పి చూసుకుంట. అది సగం నిజం, భయపడ్డది నేను, పెట్టింది ఆమె. చట్టంల భయానికి ఒక గడి ఉన్నది, మద్దతుకు ఒక గడి ఉన్నది, ఆకలైనోనికి ఇంత పెట్టేదానికి గడి లేదు. ఆ రైటర్ పేరు నాకు తెలుసు గాని రాయను, ఆయనకు కోడళ్ళు మనుమలు ఉంటరు. పెద్ద సారు మాట వినలేదన్న మాట ఆయనకు ఎంత బరువైందో ఎన్నడు చెప్పలే. నేను అడుగుదామనుకునేసరికే బదిలీ మీద పోయిండు.

టాడా 1985ల వచ్చింది పంజాబ్ కోసమన్నరు, మన దిక్కు ఊర్లల్లకు సుత నడిచొచ్చింది. హక్కుల మనిషి బాలగోపాల్‌ను కూడ దాని కిందనే లోపల వేసిండ్రు. 1995ల అది పోయింది, 2002ల పోటా వచ్చింది, 2004ల అది సుత పోయింది, పోతపోత తన పండ్లు 1967 నాటి ఉపా చట్టానికి పెట్టి పోయింది. ఇప్పుడు ఛార్జిషీటుకు 180 దినాల దాక ఆగొచ్చు. 2008 నుంచి, కాయితాలు చూసి ఆరోపణ నిజమే కావొచ్చని జడ్జికి అనిపిస్తే బెయిలే లేదు. అంటే ఆ కాయితాలు రాసినోని చేతిలనే ఒక మనిషి ఏండ్లు ఉన్నయన్నట్టు. చక్రాల కుర్చీల ఉన్న సాయిబాబా సారు ఆ ఉపా కిందనే 2014ల లోపలికి పోయి, నిర్దోషి అని 2024 మార్చిల బయటికొచ్చి, ఆ అక్టోబరుల్నే హైదరాబాద్‌ నిమ్స్‌ల కన్నుమూసిండు. మక్కా మసీదు పేలుడు తర్వాత పట్టుకపోయి, ఏ తప్పు లేదని తేలిన పాతబస్తీ పోరగాండ్లకు ప్రభుత్వం మంచి ప్రవర్తన పత్రాలు ఇచ్చింది. నేను టీసీతోపాటు వందల కాండక్ట్ సర్టిఫికెట్లు రాసిన, ఒక్కటి సుత అట్లాంటిది రాయాల్సి రాలేదు.

ములుగు దిక్కు తాడ్వాయిల 2022ల పెట్టిన ఉపా కేసు ముచ్చట నువ్వు అకాడమీల ఉండంగనే విని ఉంటవు. 152 పేర్లు. అండ్ల మన షాద్‌నగర్ కాడి మొగిలిగిద్దల పుట్టిన హరగోపాల్ సారు పేరున్నది. లొల్లి అయినంక ఆయన పేరు తీసెయ్యుమన్నరు. బొంబాయి హైకోర్టుల జడ్జి చేసిన సురేశ్ గారి పేరు సుత ఉన్నది, ఆయన 2020లనే చనిపోయిండు. ఆ పేపరు చదివిన నాడు నేను నీ పెన్సిల్ పేరును యాది చేసుకున్న బిడ్డా. పేరు పిలిచిండ్రు, తలెత్తి చూడలే.

నిన్ను బాంబులు పెట్టేటోళ్ళను విడిచిపెట్టుమంటలేను. దిల్‌సుఖ్‌నగర్ మన నల్లగొండోళ్ళు హైదరాబాద్‌ల కాలు పెట్టే మొదటి గడప. 2013 ఫిబ్రవరిల అక్కడ పేలుళ్ళు జరిగిన రాత్రి, కోచింగ్‌కు పోయిన మీ చిన్నాయిన ఫోను కలిసేదాక మీ నాయనమ్మ దేవుని ముందట దీపం ఆరనియ్యలే. అసోంటోణ్ణి పట్టుకో, గట్టిగ పట్టుకో, సాక్ష్యం గట్టిగ కట్టు, కోర్టుల నిలబడేటట్టు కట్టు. నేను అడిగేది చిన్నది. స్టేషన్‌ల కూసోబెట్టినోనికి నీళ్ళు ఇయ్యి. పొద్దటి నుంచి తిన్నడా అని అడుగు. వాని తల్లి గేటు కాడ ఉంటది, ఆమెను ఎండల నిలబెట్టకు, ఎక్కడున్నడో చెప్పు. ఇంకొకరు పంపిన జాబితా నీ బల్ల మీదికొస్తే, నువ్వు చూడని ముఖం మీద నీ కలం పెట్టకు. ఆ రైటర్ లెక్క కండ్లద్దాలు ఎత్తి ఒక్కసారి చూడు. బదిలీ చేస్తే చేస్తరు, సామాను సర్దనీకి మేమిద్దరం వస్తం.

నువ్వు చేస్తవని నాకు తెలుసు. ఐదో తరగతిల పక్కపిల్ల పెన్ను పోతే తీసింది నువ్వే అని టీచరమ్మ అంటే ఏడ్వలే, అలగలే, సంచి మొత్తం బల్ల మీద కుమ్మరిచ్చి "చూసి చెప్పున్రి టీచర్" అన్నవు. ఆ పెన్ను ఆమె పుస్తకంలనే దొరికింది. ఇప్పుడు ఆ బల్లకు అవతల కూసున్నది నువ్వు, అంతే తేడా.

బస్సు కండక్టర్‌తోని డబ్బ పంపుతున్న. అండ్ల సకినాలు, ఉసిరికాయ తొక్కు ఉన్నయి, చిన్న సీస ఏమో మీ స్టేషన్ రైటర్‌కు. నైట్ డ్యూటీల పైలం. మీ నాయనమ్మ పానకం చెంబు ఇంకా పారబొయ్యనిస్తలేదు.

పాత రిజిస్టర్లు అన్ని బడిల అప్పజెప్పి వచ్చిన గాని, నీ పేరున్న ఆ ఆఖరు పేజీ నకలు నా ట్రంకుపెట్టెల ఉన్నది. ఆదివారం వీడియో కాల్ చెయ్యి. అందరి పేర్లు అయిపోయినంక నీ పేరు పిలుస్త. ముఖం చూసినంకనే గీత.

మీ తాత