తోకచుక్క: మనము మరచిన బొమ్మల కథ

విద్యార్థులారా! జపాను దేశపు పోకెమాన్ ఆటను ఎరుగని బాలుడు మన తరగతులలో అరుదు. చిన్ననాట పురుగులను పట్టి దాచుకొనిన సటోషి తజిరి అను నతడు 1996లో దానిని వెలువరించెను. అందు 151 వింత ప్రాణులు కలవు. వాటిని పట్టి, పెంచి, పేరు పెట్టి పిలిచి, ఎదుటివాని ప్రాణిపైకి పంపుటయే ఆట. పిదప అది బొమ్మల కథగా, చలనచిత్రముగా లోకమంతట వ్యాపించెను.

ఇట్టి కల్పన తెలుగునకు క్రొత్తది కాదు. అంతకు 42 ఏండ్ల ముందే, 1954లో, చందమామ మాసపత్రికలో ‘తోకచుక్క’ అను ధారావాహిక మొదలాయెను. అందు ఇద్దరు మాంత్రికులు. ఏకాక్షి పిలిచినంతనే కాలభుజంగము, కంకాళము వచ్చి నిలుచును. చతుర్నేత్రునకు గుడ్లగూబ, నరవానరము తోడు. వారి పోరు నడుమ సేనాని సమరసేనుడు చిక్కుకొనును. ఇచట భేదమొకటి గమనింపదగును. ఆటలో బలమంతయు కూడబెట్టిన ప్రాణులది. సమరసేనునకో, ధైర్యమును యుక్తియునే ఆధారము.

బొమ్మలు వేసినవారు చిత్రాగారు. కథ వ్రాసినవారు దాసరి సుబ్రహ్మణ్యముగారు. బొమ్మపై చిత్రకారుని సంతకముండెను గాని, కథకు రచయిత పేరు అచ్చుకాలేదు. ఇట్టి ధారావాహికలు మరి పెక్కు వ్రాసి, 2010లో కన్నుమూసిన ఆయన పేరు, ఆ కథలు చదివి పెరిగినవారిలోనే ఎందరికో తెలియదు.

1947 జూలైలో మదరాసునుండి తెలుగు చందమామయు, తమిళ అంబులిమామయు ఒక్కమారే వెలువడెను. ఒకే బొమ్మ, రెండు లిపులు. మన ఆలంగాయపు బ్రతుకును అట్టిదే: ఇంట తెలుగు, వీధిలో తమిళము. రెండును మనకు కావలసినవే. కాని ఇంట మాటాడు భాషను చదువ నేర్వనిచో, అదియు పేరులేని రచయితవలె మరుగునపడును.

మనకు చేరువనున్న కావలూరు వేధశాల వైను బప్పుగారి పేర వెలసినది. ఆయన 1949లో ఆకసమున నిజమైన తోకచుక్కను కనుగొనగా, దానికి ఆయన పేరు కూడ చేరినది. కథలోని తోకచుక్కను సృజించినవాని పేరు నిలుపుట మన పని.

తల్లిదండ్రులకు మా మనవి: రాత్రివేళ పది నిముషములు పిల్లలచే తెలుగు కథ బిగ్గరగా చదివింపుడు. తప్పులు దొర్లినను నడుమ ఆపవలదు.

అభ్యాసము: మీ అవ్వతాతలు చిన్ననాట చదివిన, లేక వినిన కథనొకదానిని అడిగి తెలిసికొని, చెప్పినవారి పేరుతో తెలుగున వ్రాయుడు.