మూకీ చిత్రములో ఆవిరి నాగలి

ఇంగ్లండులో ఆవిరితో పొలము దున్నుటను చూపు పాత మూకీ చిత్రములను చూచునపుడు మన దృష్టి మొదట ఎద్దులకై వెదకును. చేనికి ఇరువైపుల గట్లపై రెండు ఆవిరి యంత్రములు మాత్రమే నిలిచియుండును. వాటి బరువునకు నేల అణగిపోవును గనుక అవి చేనిలోనికి దిగవు. ఒకటి ఉక్కుమోకును చుట్టుకొనుచు నాగలిని తనవైపు లాగును. రెండవది మోకును వదలుచుండును. ఆవిరి దుక్కిని వ్యాప్తికి తెచ్చిన జాన్ ఫౌలరునకు 1858లో అచ్చటి రాయల్ వ్యవసాయ సంఘము 500 పౌనుల బహుమతి నిచ్చినది.

నాగలికి తక్కెడ వలె ఇరుకొనలందును కర్రులు కలవు. ఒక కొన నేలలో దిగగా రెండవది గాలిలో లేచియుండును. గట్టు చేరిన పిమ్మట నాగలిని త్రిప్పనక్కరలేదు. లేచిన కొనను దించినచో చాలును. అప్పుడు యంత్రము నడుపువాడు ఈల వేయును. ఆ ఈల మనకు వినబడదు. తెల్లని ఆవిరి పైకి చిమ్మును, వెంటనే మోకు బిగియును. తెలియనివారు దానిని పొగ యనుకొందురు.

పని వేగమును మాత్రము తెరపై చూచి లెక్కగట్టరాదు. నాటి కెమెరాను చేతితో త్రిప్పుచు సెకనుకు సుమారు 16 బొమ్మలు తీసెడివారు. వాటిని టాకీల వేగమున, అనగా సెకనుకు 24 చొప్పున, చూపినచో నిమిషము పని 40 సెకనులలో ముగియును. మనుష్యులు పరుగిడుచున్నట్లు తోచుట అందువలననే. పైగా ఆ చిన్న రీలులో దినమంతయు యంత్రములకు నీరు, బొగ్గు చేరవేసిన బండ్ల రాకపోకలు ఇమడవు. ఆ బండ్లను లాగినవి తరచు గుర్రములే.