మోచేయి సంగతి ముందు చెప్పు

నార్త్ కరోలినా

చిరంజీవి చిన్నోడికి,

బేస్‌బాల్ డ్రాఫ్ట్ పద్నాలుగో రౌండ్లో నీ పేరు వినపడగానే పిన్ని దేవుడి దగ్గర దీపం పెట్టింది. మీ నాన్న మాత్రం ఫోన్లో, "ఇంకొక్క ఏడాదైతే డిగ్రీ చేతికొచ్చేది కదరా" అని ఒకటే బెంగ. ఆ బెంగ తప్పు కాదు. మిగిలిన చదువు ఖర్చు జట్టే పెట్టుకునేలా కాంట్రాక్టులో రాయించుకోవచ్చు. ఆట వదిలేశాక రెండేళ్లలోపు కాలేజీలో చేరితేనే ఆ డబ్బు వస్తుంది. సంతకానికి ముందే ఆ పేజీ నాన్నకి చూపించు, కాస్త స్థిమితపడతాడు.

జీతం గురించి ఆశలు పెట్టుకోకు. 2023లో మైనర్ లీగ్ ఆటగాళ్ల తరఫున మొదటిసారి కార్మిక ఒప్పందం కుదిరాక సింగిల్-ఏలో ఏడాదికి కనీసం 26,200 డాలర్లు అయింది. అంతకుముందు 11,000. బస కూడా 2022 నుంచి జట్లే చూస్తున్నాయి. అదివరకు చాలామంది కుర్రాళ్లు మాలాంటి వాళ్ల ఇళ్లలో తలదాచుకునేవాళ్లు.

మా ఇంట్లోనూ రెండు వేసవులు ఒక డొమినికన్ కుర్రాడున్నాడు, కుడిచేతి పిచ్చర్. పిన్ని పెసరట్టు వేస్తే పెనం దగ్గరే నిలబడి తినేవాడు. రెండో ఏడు జూలైలో ఒకరోజు కాఫీ కప్పు ఎడమచేత్తో ఎత్తాడు. మర్నాడూ అంతే. "చెయ్యి నొప్పా?" అంటే నవ్వి, ఏం లేదన్నాడు. రాత్రిళ్లు ఫ్రిజ్‌లో ఐసు తీస్తున్న చప్పుడు నాకు వినిపించేది. పైన హై-ఏలో ఒక చోటు ఖాళీ ఉందని, ఇప్పుడు నోరు విప్పితే అది ఇంకొకడికి పోతుందని వాడి భయం. ఆ వారమే మూడో ఇన్నింగ్స్‌లో మోచేతి లిగమెంటు తెగింది. ఆపరేషన్ అయింది, పద్నాలుగు నెలలకి మళ్లీ బంతి పట్టాడు, పాత వేగం రాలేదు, జట్టు వదిలేసింది. ఆ రెండో రోజే నేను గట్టిగా కూర్చోబెట్టి మాట్లాడి ఉండాల్సింది. ఇప్పటికీ కాఫీ కప్పు చూస్తే అదే గుర్తొస్తుంది.

ఆపరేషన్ చేయించుకుంటే చెయ్యి ఇంకా గట్టిపడుతుందని డ్రెస్సింగ్ రూములో ఎవరైనా అంటారు. నమ్మకు. 1974లో డాక్టర్ ఫ్రాంక్ జోబ్ పిచ్చర్ టామీ జాన్ మణికట్టు నుంచి టెండన్ తీసి మోచేతికి వేశాడు. ఆ తర్వాత జాన్ 164 ఆటలు గెలిచాడు నిజమే. కానీ అందరి చేతులూ ఆయనలా తిరిగి రావు.

స్టీవ్ డల్కోవ్‌స్కీ పేరు విన్నావా? అంత వేగంగా వేసేవాణ్ణి చూడలేదని ఆనాటి వాళ్లు చెప్పుకునేవారు. 1960లో స్టాక్టన్ జట్టుకు 170 ఇన్నింగ్స్‌లో 262 స్ట్రైకౌట్లు, సరిగ్గా 262 వాకులు! ఎల్మైరాలో మేనేజర్ ఎర్ల్ వీవర్ చేతికింద పడ్డాక, 1962లో, బంతి అదుపులోకొచ్చింది. మరుసటి వసంతంలో, మేజర్ లీగ్ గుమ్మం దాకా వెళ్లాక, మోచెయ్యి పోయింది. మేజర్ లీగ్‌లో ఒక్క బంతీ వేయకుండానే ఆయన ఆట ముగిసింది.

అందుకే రాడార్ గన్ మీద అంకె కోసం ప్రతి బంతికీ చెయ్యంతా ఊడబెరక్కు. నీ చేంజప్ బాగుంటుంది. రెండు స్ట్రైకులయ్యాకే కాదు, మొదటి బంతికే వేసే ధైర్యం తెచ్చుకో. ఎవరిని పైకి పంపాలో, ఎవరిని ఇంటికి పంపాలో ఆఫీసువాళ్ల నిర్ణయం. నీకంటే పెద్ద బోనస్ తీసుకున్నవాడికి ఎక్కువ అవకాశాలిస్తారు, అది చూసి కుమిలిపోకు. నొప్పి వస్తే మాత్రం అదే రోజు ట్రైనర్‌కి చెప్పు. సలుపా, తిమ్మిరా, వేళ్లలో పట్టు తగ్గిందా, ఉన్నదున్నట్టు చెప్పు. చోటు పోతే పోనీ. రెండు వారాలు కూర్చుంటే మళ్లీ లేచి వేయొచ్చు.

సోమవారాలు మీకు ఆట ఉండదు కదా, ఆ సాయంత్రం ఫోన్ చెయ్యి. పిన్ని కందిపొడి కట్టి పంపిస్తోంది. గెలిచారా ఓడారా నేను చూసుకుంటాను, నువ్వు మోచేయి ఎలా ఉందో చెప్పు.

ప్రేమతో,
బాబాయి