అడవి సినిమా: ఒక వృత్తి పరిచయం

సినిమా అనగానే బోడుప్పల్, నాచారం కుర్రకారుకు మొదట గుర్తొచ్చేది స్టూడియో. ఎన్.టి. రామారావు గారు రామకృష్ణా స్టూడియో కట్టింది నాచారంలోనే గదా! అయితే సెట్టింగులూ, మేకప్పూ లేని సినిమా ఒకటుంది. అందులో నటీనటులు అడవి జంతువులు. మళ్లీ ఒకసారి చెయ్యమంటే చెయ్యవు. అటువంటి సినిమాలు తీయడం బతుకుతెరువుగా ఎట్లా ఉంటుందో తెలియాలంటే కల్యాణ్ వర్మ గారి సంగతి చూడాలి.

ఆయన 1980లో విశాఖపట్నంలో పుట్టారు. బెంగళూరులో ఇంజనీరింగు చదివి, యాహూ కంపెనీలో ఉద్యోగం చేశారు. ఆ ఉద్యోగం వదిలేసి కర్ణాటకలోని బిళిగిరి రంగన కొండలకు పోయి, వచ్చినవాళ్లకు అడవిని చూపించి వివరించే పనిలో కుదురుకున్నారు. విద్యార్థులు గమనించవలసింది ఈ మలుపునే. ఏ పిట్ట ఏ నెలలో గూడు కడుతుందో, ఏనుగుల మంద ఎండాకాలంలో ఏ నీటికి దిగుతుందో తెలియనివాడి చేతిలో లక్షల ఖరీదు చేసే లెన్సున్నా దండగే. డేవిడ్ అటెన్‌బరో కూడా కేంబ్రిడ్జిలో ప్రకృతి శాస్త్రాలు చదివిన తర్వాతనే, 1952లో బి.బి.సి.లో చేరారు. మద్రాసు శేఖర్ దత్తాత్రి గారైతే చిన్ననాడే పాముల పార్కులో వాలంటీరుగా చేరి, పాములతో చెలిమి చేశారు.

కల్యాణ్ వర్మ, అమోఘవర్ష కలిసి తీసిన ‘వైల్డ్ కర్ణాటక’కు నాలుగేళ్లు పట్టింది. చూస్తే గంట కూడా లేదు! 2020 జనవరిలో థియేటర్లలోకి వచ్చింది. ఇంగ్లీషులో అటెన్‌బరో, తెలుగులో ప్రకాశ్ రాజ్ గొంతు ఇచ్చారు. 67వ జాతీయ అవార్డుల్లో రెండు దక్కాయి, ఒకటి అటెన్‌బరో వ్యాఖ్యానానికే.

మరి ఆ నాలుగేళ్లు ఇల్లు గడిచేదెట్లా? మన ఇళ్లల్లో పెద్దవాళ్లు అడిగే ప్రశ్న ఇదే, అడగవలసిందీ ఇదే. ఈ రంగంలో చాలామందికి నెలజీతం ఉండదు. ఒక్కో చిత్రానికి ఒక్కో ఒప్పందం. పని లేని నెలలూ వస్తాయి. ఈ మాట దాచిపెట్టి యువకులను ఊరించడం నాకు నచ్చదు. పైగా అభయారణ్యంలో కెమెరా పట్టాలంటే 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం అటవీశాఖ అనుమతి కావాలి. (ఇంకో తమాషా: దూరాన నడిచే జంతువు అడుగుల చప్పుడు కెమెరాకు అందదు. దాన్ని చాలాసార్లు స్టూడియోలోనే పుట్టిస్తారు. తిరిగి తిరిగి స్టూడియోకే వచ్చామన్నమాట!)

ఇంత కష్టం ఎందుకంటారా? పశ్చిమ కనుమల్లో కుద్రేముఖ్ ఇనుప గని చేస్తున్న నష్టాన్ని దత్తాత్రి గారు 2001లో ఒక చిన్న చిత్రంగా తీశారు. ఉద్యమకారులు సుప్రీంకోర్టులో పోరాడుతున్న రోజులవి. 2002లో కోర్టు తీర్పు చెప్పింది, 2005 ఆఖరుకు తవ్వకం ఆగింది. సినిమా ఒక్కటే ఆపిందని అనను. కానీ కాగితాల మీది నష్టం కళ్లకు కనిపించింది దానివల్లనే.

ఆసక్తి ఉన్నవాళ్లు ముందే కెమెరా కొననక్కర్లేదు. ఉప్పల్ నల్లచెరువు గట్టుకు నెల్లాళ్లు పొద్దున్నే పోయి, ఏ కొంగ ఎక్కడ నిలబడింది, ఎంతసేపటికి చేప దొరికిందీ నోటుబుక్కులో రాసుకోండి. మరీ దగ్గరికి పోవద్దు. అది లేచిపోయిందంటే ఆనాటి షూటింగు రద్దయినట్టే.