శమంతకమణి

భాద్రపద శుద్ధ చవితినాడు తెలుగువారి యిండ్లలో వినాయకపూజ ముగిసిన పిమ్మట పెద్దలు కథ చదువుదురు. పిల్లలు అక్షతలు చేతబట్టుకొని శ్రద్ధతో విందురు. ఆ కథలో నొక మణి వచ్చును. అదియే శమంతకము. దాని వృత్తాంతము విష్ణుపురాణమునందును, భాగవతము దశమస్కంధమునందును విపులముగా నున్నది. 15వ శతాబ్దివాడగు పోతన భాగవతమును తెనిగించుటచే ఈ కథ తెలుగువారికి మిక్కిలి పరిచితమయ్యెను.

ద్వారకలో సత్రాజిత్తు అను యాదవుడుండెను. అతడు సూర్యునకు పరమభక్తుడు. సూర్యుడు ప్రీతుడై అతనికి శమంతకమణి నొసగెను. అతడు దానిని మెడలో ధరించి పురము ప్రవేశింపగా జనుల కన్నులు మిరుమిట్లు గొనెను. సూర్యుడే వచ్చుచున్నాడని భ్రమించి వారు పరుగుపరుగున బోయి, పాచికలాడుచున్న శ్రీకృష్ణునకు విన్నవించిరి. ఆయన నవ్వి, వచ్చువాడు సూర్యుడు కాడనియు, మణిని దాల్చిన సత్రాజిత్తనియు తెలిపెను.

ఆ మణి దినమునకు ఎనిమిది బారువుల బంగారము నిచ్చుచుండెను. అది పూజలందుకొను చోట కరవు గాని, మారి గాని, సర్పభయము గాని ఉండవట. ఇన్ని యీయగల మణి ఒక్కదానిని మాత్రము ఈయజాలకపోయెను. అది మనుజుల నడుమ నుండవలసిన నమ్మకము.

అట్టి మణి రాజగు ఉగ్రసేనుని కడ నుండుట మేలని శ్రీకృష్ణుడొకనాడు సత్రాజిత్తు నడిగెను. ధనలోభముచే అతడీయలేదు. కొన్నాళ్ళకు అతని తమ్ముడు ప్రసేనుడు ఆ మణిని కంఠమున దాల్చి, గుఱ్ఱమెక్కి వేటకేగెను. మరి తిరిగి రాలేదు. సత్రాజిత్తు దుఃఖించుచు, మణికై కృష్ణుడే తన తమ్ముని చంపియుండునని పలికెను. ఆ మాట చెవినుండి చెవికి పాకి పురమంతయు నిండెను. మణి నడిగినవాడు కృష్ణుడు. దానిని పొందనివాడును కృష్ణుడే. కావున జనులకు అనుమానము కలుగుట సులభమయ్యెను. చూచినవాడొక్కడును లేడు; చెప్పుకొనని వాడును లేడు.

శ్రీకృష్ణుడు కోపింపలేదు, ఒట్టులు పెట్టుకొనలేదు. పురజనులను కొందరిని వెంట బెట్టుకొని అడవికేగెను. తానొక్కడే పోయి వచ్చి చెప్పిన మాట నిలువదని ఆయన యెరుగును. ప్రసేనుడు పోయిన జాడ నంటి పోగా, అతడును గుఱ్ఱమును సింహముచే చచ్చి పడియుండిరి. మణి లేదు. సింహము పోయిన జాడ బట్టి నడువగా, కొండచెంత ఎలుగు చేత చచ్చిన సింహము కనబడెను. అచ్చటను మణి లేదు. ఎలుగు జాడ ఒక గుహలోనికి బోయెను. ఆ గుహ కారుచీకటి. శ్రీకృష్ణుడు జనులను వెలుపల నిలిపి తానొక్కడే లోన ప్రవేశించెను.

లోపల మణి పసివానికి ఆటవస్తువై వెలుగుచుండెను. దాది కేక విని భల్లూకరాజగు జాంబవంతుడు వచ్చి కలియబడెను. ఇరువది యెనిమిది దినములు రేయింబవళ్ళు పోరు సాగెను. వెలుపల నున్నవారు పండ్రెండు దినములు వేచి, ఆశ విడిచి, దుఃఖముతో పురికి మరలిరి. అంతట ద్వారక గొల్లుమనెను. నిన్న కృష్ణుని శంకించిన ఊరే నేడు సత్రాజిత్తును నిందించెను. జనవాక్యము గాలి వంటిది. అది యెటు వీచునో ఎవరికి తెలియును?

తుదకు జాంబవంతుడు అలసి, తనతో పోరువాడు త్రేతాయుగమున తాను గొలిచిన రాముడే యని గుర్తించి, మ్రొక్కి, మణిని కూతురగు జాంబవతిని సమర్పించెను. శ్రీకృష్ణుడు ద్వారకకు వచ్చి, రాజసభకు సత్రాజిత్తును పిలిపించి, జరిగినదంతయు అందరు వినగా చెప్పి, మణి నతని చేతిలో బెట్టెను. సత్రాజిత్తు సిగ్గుతో తల వంచుకొని యింటికేగెను. తన తప్పు దిద్దుకొనుటకై కుమార్తెయగు సత్యభామను, మణిని కూడ శ్రీకృష్ణున కొసగబూనెను. ఆయన సత్యభామను పరిణయమాడి, మణిని మాత్రము మరలించెను.

కాని మణి కలహమును మానలేదు. లక్కయింటి వార్త విని బలరామకృష్ణులు హస్తినాపురికేగిన సమయమున, శతధన్వుడనువాడు నిద్రించుచున్న సత్రాజిత్తును వధించి మణి నపహరించెను. తండ్రిని గోల్పోయిన సత్యభామ హస్తినకు పోయి భర్తతో మొరపెట్టుకొనెను. శ్రీకృష్ణుడు మరలి వచ్చుట విని శతధన్వుడు మణిని అక్రూరుని కడ దాచి పారిపోయెను. మిథిల చెంత అతనిని వధించి వెదకగా మణి దొరకలేదు. ఆ మాటను బలరాముడు సయితము నమ్మలేదు. మునుపు ఊరివారి శంక. ఇప్పుడు తోబుట్టువు శంక. రెండవది మొదటిదానికంటె బరువైనది.

ఈసారియు శ్రీకృష్ణుడు వాదులాటకు దిగలేదు. పిమ్మట అక్రూరుని పిలిపించి, మణి నొక్కసారి అందరకు చూపుమని మృదువుగా కోరెను. అక్రూరుడు వస్త్రమున దాచిన మణిని వెలికిదీసెను. బంధువులందరు చూచిరి. నింద తొలగెను. శ్రీకృష్ణుడు మణిని మరల అక్రూరునకే యిచ్చివేసెను.

ప్రసేనుడు, సింహము, సత్రాజిత్తు, శతధన్వుడు: మణిని పట్టుకొనిన వీరందరు ప్రాణములు గోల్పోయిరి. చేతికి వచ్చిన ప్రతిసారియు దానిని విడిచిన శ్రీకృష్ణునకు మాత్రము కీర్తి నిలిచెను. బంగారము పోయిన మరల వచ్చును. మంచిపేరు పోయిన దానిని తెచ్చుటకు అడవులు గాలింపవలెను, చీకటి గుహలు దూరవలెను.

చవితినాటి చంద్రుని చూచిన నీలాపనిందలు వచ్చునని పిల్లలు ఆ రేయి ఆకాశము వంక చూడ వెరతురు. తమపై నింద పడకుండ చూచుకొనుట మంచిదే. జాడ తీయకుండ, కన్నులార చూడకుండ ఇతరులపై నింద మోపకుండుట అంతకంటె మంచిది. శమంతకోపాఖ్యానము ఏటేట చెప్పు మాట యిదియే.

ప్రశ్నలు

1. సత్రాజిత్తు శ్రీకృష్ణుని ఏల అనుమానించెను?
2. శ్రీకృష్ణుడు పురజనులను వెంట గొనిపోవుటలోని యుక్తి యేమి?
3. పురజనుల శంక కంటె బలరాముని శంక బరువైనదని యేల చెప్పబడినది?