మన మాటల ప్రయాణం

ఈ సంచిక చేతపట్టిన ప్రతి ఒక్కరికీ ‘చందా’ అనే మాట కొత్త కాదు. చందా ఇస్తాం, రసీదు పుచ్చుకుంటాం, ఏడాది చివర జమాఖర్చులు చూసుకుంటాం. ఈ వాక్యంలో చందా, రసీదు, ఖర్చు అనేవి పారసీ నుంచి వచ్చాయి. జమ అరబ్బీ మాట. అయినా విజయవాడలో వీటిని పరాయి మాటలని ఎవరూ అనుకోరు. మాటలు ఎక్కడ పుట్టాయి, ఎలా ప్రయాణించాయి, దారిలో ఎలా మారాయి అని పరిశీలించేదే భాషాశాస్త్రం. పెద్ద చదువులు లేకపోయినా దీన్ని అర్థం చేసుకోవచ్చు. మన పిల్లల చదువుకు ఇది ఎంతో అవసరం కూడా.

భాషలకూ కుటుంబాలున్నాయి

ప్రపంచంలో నేడు సుమారు 7,000 భాషలున్నాయి. పండితులు వీటిని కుటుంబాలుగా విభజించారు. సంస్కృతం, గ్రీకు, లాటిన్ ఒకే మూలం నుంచి వచ్చి ఉండాలని 1786లో సర్ విలియం జోన్స్ కలకత్తాలో ప్రసంగించాడు. తెలుగు, తమిళం, కన్నడం మరో కుటుంబానికి చెందినవని 1816లో మద్రాసులో ఫ్రాన్సిస్ వైట్ ఎల్లిస్ నిరూపించాడు. క్యాంబెల్ రాసిన తెలుగు వ్యాకరణంలో ఆ వ్యాసం అచ్చయింది. ఆ కుటుంబాన్నే నేడు ద్రావిడ కుటుంబం అంటున్నాం.

చుట్టరికాన్ని ఎలా గుర్తిస్తారు? ఒకటి రెండు మాటలు కలిస్తే చాలదు. మార్పు ఒక పద్ధతి ప్రకారం జరిగి ఉండాలి. తెలుగు ‘పాలు’ కన్నడంలో ‘హాలు’, ‘పులి’ అక్కడ ‘హులి’, ‘పువ్వు’ అక్కడ ‘హూవు’. మాట మొదట ఉన్న ‘ప’ కన్నడంలో ‘హ’ అయింది. ఇలా వరసగా కుదిరినప్పుడే అది చుట్టరికం అవుతుంది.

ఇక్కడ మనవాళ్లలో చాలామందికి ఉన్న ఒక అపోహ తొలగించుకోవాలి. అరబ్బీ నుంచి వచ్చిన లిపిలో రాస్తాం కనుక ఉర్దూ అరబ్బీకి బిడ్డ అనుకుంటారు. అది నిజం కాదు. లిపి వేరు, భాష వేరు. ఉర్దూ, హిందీ, పారసీ, ఇంగ్లీషు ఒకే పెద్ద కుటుంబం. అరబ్బీ, హీబ్రూ మరో కుటుంబం. మనం రోజూ పలికే ‘నమాజు’, ‘రోజా’ పారసీ మాటలు. అరబ్బీలో వాటిని సలాత్, సౌమ్ అంటారు. దక్కనుకు ఇస్లామీయ విద్య చాలావరకు పారసీ భాష ద్వారా చేరిందనడానికి ఈ రెండు మాటలే సాక్ష్యం.

బందరు రేవులో దిగిన మాటలు

మచిలీపట్నం గోల్కొండ రాజ్యానికి ముఖ్యమైన రేవు. పారసీక వర్తకులు, డచ్చివారు, 1611 నుంచి ఇంగ్లీషువారు అక్కడ వ్యాపారం చేశారు. సరుకుతో పాటు మాటలూ దిగాయి. ‘బందరు’ అన్నదే పారసీ మాట. దాని అర్థం రేవు. ‘కలం’ కథ ఇంకా దూరానిది. గ్రీకులో రెల్లుపుల్లకు ఉన్న పేరు అరబ్బీలో ‘కలమ్’ అయింది, పారసీ మీదుగా మన కలంకారీలో చేరింది. శ్రీకాళహస్తిలో ఇప్పటికీ కలంతోనే గీస్తారు. పెడనలో చెక్క అచ్చులతో అద్దుతారు. పని మారినా పేరు నిలిచింది.

తెలుగులోకి వచ్చిన మాట తెలుగు నియమానికి లొంగాలి. తెలుగు మాట అచ్చుతో ముగియాలి కనుక వకీల్ ‘వకీలు’ అయ్యాడు, జవాబ్ ‘జవాబు’ అయింది, అస్ల్ ‘అసలు’ అయింది. ఇంగ్లీషు మాటకూ ఇదే నియమం. కాలువల మీది ‘లాక్’ మన నోట ‘లాకులు’ అయింది.

అర్థాలూ మారతాయి. అరబ్బీలో ‘అస్ల్’ అంటే మూలం, వేరు. మనకు అసలు అంటే వడ్డీకి ముందున్న సొమ్ము. ‘బాకీ’ అంటే మిగిలినది. మనకది అప్పు. ‘రైతు’ వెనక ఉన్న అరబ్బీ మాటకు పాలనలో ఉన్న ప్రజలని అర్థం. ఇక్కడ ఆ మాట పొలం దున్నే మనిషికి నిలిచిపోయింది. ఖరీఫ్ అంటే శరత్తు, రబీ అంటే వసంతం. ఈ రెండూ కోత కాలాన్ని బట్టి పెట్టిన పేర్లు. డెల్టా రైతు మాత్రం ఇప్పటికీ సార్వా, దాళ్వా అనే అంటాడు.

ఇలా వచ్చిన మాటల కోసమే సి.పి. బ్రౌన్ 1854లో మిశ్రభాషా నిఘంటువు ప్రచురించాడు. మరోవైపు చూస్తే, సంస్కృత పదాలు లేని తొలి అచ్చ తెలుగు కావ్యంగా పేరొందిన ‘యయాతి చరిత్రము’ను పొన్నికంటి తెలగనార్యుడు అంకితమిచ్చింది అమీన్ ఖాన్ అనే ముస్లిం ప్రభువుకు. తెలుగుతో మన సంబంధం నిన్నటిది కాదు.

మన ఇంటి ఉర్దూ

మన ఇళ్లలో మాట్లాడే ఉర్దూ దక్కనీ. ‘వస్తానని చెప్పాడు’ అనడానికి మన పిల్లవాడు ‘ఆతూఁ బోల్‌కే బోల్యా’ అంటాడు. పుస్తకాల ఉర్దూలో ఈ నిర్మాణం ఉండదు. తెలుగు ‘అని’ చేసే పనిని ఇక్కడ ‘బోల్‌కే’ చేస్తోంది. ‘నక్కో’ మరాఠీ నుంచి వచ్చింది. ఇరుగుపొరుగు భాషలు శతాబ్దాలు కలిసి బతికితే ఇలాగే జరుగుతుంది. హైదరాబాదు నగర స్థాపకుడు ముహమ్మద్ కులీ కుతుబ్ షా కవిత్వం రాసింది ఈ దక్కనీలోనే. నూర్‌బాషా సోదరుల ఇళ్లలోనైతే తెలుగే మాతృభాష.

అయినా బడిలో ఏం జరుగుతోంది? ఇంటి మాట పలికితే ‘తప్పు ఉర్దూ’ అంటారు. ఉర్దూలో ‘ళ’ ధ్వని లేదు కనుక పిల్లవాడు ‘కళ్లు’ను ‘కల్లు’ అంటే తరగతి అంతా నవ్వుతుంది. ఉర్దూలోని ఖే, గైన్ పలకమంటే తెలుగు పిల్లలూ అలాగే తడబడతారు. అది తెలివితక్కువతనం కాదు, చెవికి అలవాటు లేకపోవడం. రెండు చోట్లా నవ్వులపాలైన పిల్లవాడు నోరు మూసుకుంటాడు. ప్రశ్న అడగని పిల్లవాడు చదువులో వెనకబడతాడు. తరగతిలో ముప్పై ఏళ్లుగా నేను చూస్తున్నది ఇదే.

మనం చేయగలిగినవి

భాషలు మారడమే కాదు, చచ్చిపోతాయి కూడా. 2010లో అండమాన్‌లో బోవా సీనియర్ అనే వృద్ధురాలు కన్నుమూయడంతో ‘బో’ భాష అంతరించింది. మాట్లాడేవారు లేకపోతే ఎంత పాత భాషకైనా అదే గతి.

ఆంధ్రప్రదేశ్‌లో 2022లో ఉర్దూను రెండో అధికార భాషగా చట్టం చేశారు. చట్టం ఒక్కటే చాలదు. ఇంట్లో, బడిలో మనం మూడు పనులు చేయవచ్చు.

ఒకటి, పిల్లవాడి ఇంటి మాటను వెక్కిరించకండి. అది ఇంటి పలుకు, ఇది పుస్తకం పలుకు అని తేడా చెప్పి, రెండూ నేర్పండి.

రెండు, నోటుపుస్తకాలు పంచే దాతలు వాటితో పాటు చిన్న కథల పుస్తకాలు, తెలుగులో ఒకటి, ఉర్దూలో ఒకటి ఇవ్వండి. చిన్న తరగతుల్లో ఇంటి భాషలో అర్థం చెప్పగల ఉపాధ్యాయుడి జీతానికి సాయపడితే మరీ మేలు.

మూడు, పెద్దల మాటలు రాయించండి. ఆచార్య భద్రిరాజు కృష్ణమూర్తి రైతుల నోటి నుంచి సేకరించిన వ్యవసాయ పదాలు 1962లో మాండలిక వృత్తిపదకోశంగా వెలువడ్డాయి. కలంకారీ అద్దకం, దూదేకడం, అత్తరు వ్యాపారం వంటి మన వృత్తుల మాటలు మన నానీలు, దాదాలకు తెలుసు. సెలవుల్లో ఒక్కో విద్యార్థి యాభై మాటలు, వాటి అర్థాలు రాసుకొస్తే చాలు. ఖర్చు ఒక నోటుపుస్తకం, ఒక కలం. ఆలస్యం చేస్తే మాత్రం అడగడానికి ఆ పెద్దలు ఉండరు.