నూరోవంతు సెకను – ఫరీదా ఉస్మాన్ ఈత నేర్పే పాఠం

ఈత రావడం వేరు, ఈతలో పోటీ చేయడం వేరు. ఫిషింగ్ హార్బరు చుట్టుపక్కల పుట్టి పెరిగిన పిల్లలకు మొదటిది ఎవరూ కూర్చోబెట్టి నేర్పరు. నడక వచ్చినట్టే అదీ వచ్చేస్తుంది. రెండవదాన్ని మాత్రం నాలుగేళ్లకోసారి ఒలింపిక్స్ వచ్చినప్పుడు టీవీలో చూడడమే తప్ప దగ్గరగా చూసినవాళ్లు మనలో తక్కువ. ఈ రెండింటి మధ్య ఎంత దూరం ఉందో, ఆ దూరం దేనితో దాటవచ్చో తెలుసుకోవడానికి ఈ వార్షికోత్సవ సంచికలో ఈజిప్టు స్విమ్మర్ ఫరీదా ఉస్మాన్ గురించి రాస్తున్నాం. తమ్ముళ్లు పాఠంలాగా, పూర్వ విద్యార్థులైన అన్నలు ఒక విన్నపంలాగా చదవాలని కోరుతున్నాం.

ఎవరీ ఫరీదా?

ఫరీదా ఉస్మాన్ 1995 జనవరి 18న అమెరికాలోని ఇండియానాపోలిస్ నగరంలో పుట్టింది. పెరిగింది మాత్రం ఈజిప్టు రాజధాని కైరోలో. 2007లో కైరోలో జరిగిన అరబ్ క్రీడల్లో 12 ఏళ్ల వయసుకే దేశం తరఫున కొలనులోకి దిగింది. 2011లో పెరూ రాజధాని లిమాలో జరిగిన ప్రపంచ జూనియర్ పోటీల్లో 50 మీటర్ల బటర్‌ఫ్లైలో స్వర్ణ పతకం సాధించింది. మరుసటి ఏడాది లండన్ ఒలింపిక్స్‌లో పాల్గొనే నాటికి ఆమెకు 17 ఏళ్లు. మన ఇంటర్మీడియట్ వయసు.

తర్వాత అమెరికాలోని బర్కిలీలో ఉన్న కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో చేరింది. చదువు మాని ఈతకు వెళ్లలేదు, ఈత మాని చదువుకోలేదు. రెండూ ఒకేచోట సాగాయి. 2016లో రియో ఒలింపిక్స్‌లో పోటీ చేసింది. 2017లో అమెరికా కాలేజీల జాతీయ పోటీలో 100 గజాల బటర్‌ఫ్లై గెలిచింది. అదే ఏడాది జులైలో హంగరీ రాజధాని బుడాపెస్ట్‌లో జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో 50 మీటర్ల బటర్‌ఫ్లైని 25.39 సెకన్లలో ఈది కాంస్యం అందుకుంది. ప్రపంచ ఛాంపియన్‌షిప్ ఈతలో ఈజిప్టుకు దక్కిన మొట్టమొదటి పతకం అదే. 2019లో దక్షిణ కొరియాలోని గ్వాంగ్జులో 25.47 సెకన్లతో మళ్లీ కాంస్యం. 2021లో జరిగిన టోక్యో ఒలింపిక్స్ ఆమెకు మూడవది. 2024లో దోహాలో, 29 ఏళ్ల వయసులో, అదే 50 మీటర్ల బటర్‌ఫ్లైలో మూడోసారి ప్రపంచ కాంస్యం.

ఒక్క మాటలో చెప్పాలంటే, లిమా నుంచి దోహా వరకు సుమారు పదమూడేళ్ల కష్టం. ఒక్కో పోటీ మాత్రం పాతిక సెకన్లు.

ఆ పాతిక సెకన్లలో ఏం జరుగుతుంది?

స్ప్రింట్ అంటే తక్కువ దూరాన్ని పూర్తి వేగంతో దాటడం. పెద్ద పోటీలు జరిగే కొలను పొడవు 50 మీటర్లు. అంటే ఈ పోటీ ఈ గోడ నుంచి ఆ గోడకు, అంతే. మధ్యలో తిరగడం లేదు, ఊపిరి తీసుకుని సర్దుకునే వ్యవధి లేదు. దీన్ని నాలుగు భాగాలుగా చూడవచ్చు.

1. దూకడం: గట్టు మీద దిమ్మెపై కదలకుండా నిలబడాలి. సంకేతం వినబడకముందే కదిలితే పోటీ నుంచి తొలగిస్తారు. విన్నాక ఆలస్యం చేస్తే అక్కడే వెనకబడిపోతారు.

2. నీటి అడుగున: దూకినవాళ్లు వెంటనే పైకి రారు. రెండు కాళ్లూ కలిపి డాల్ఫిన్ తోకలాగా ఆడిస్తూ నీటి లోపలే ముందుకు పోతారు. ఉపరితలం మీద అలల తాకిడి ఉంటుంది, లోపల అది తక్కువ. అయితే 15 మీటర్ల గీత దగ్గరికల్లా తల పైకి రావాలన్నది నిబంధన.

3. చేతుల వేత: బటర్‌ఫ్లైలో రెండు చేతులూ ఒకేసారి పైకి లేచి ఒకేసారి నీటిలో పడాలి. ఊపిరి కోసం తల ఎత్తినప్పుడల్లా నడుము కిందికి దిగుతుంది, వేగం తగ్గుతుంది. అందుకే స్ప్రింట్ స్విమ్మర్లు ఎన్నిసార్లు ఊపిరి తీయాలో కూడా ముందే లెక్క వేసుకుంటారు.

4. తాకడం: చివరి గోడను రెండు చేతులతో ఒకేసారి తాకాలి. ఒక చెయ్యి ముందు, ఒక చెయ్యి వెనుక తగిలితే పోటీ నుంచి తొలగిస్తారు.

ఇక ఫిజిక్స్ పాఠం. నీరు గాలి కంటే దాదాపు 800 రెట్లు సాంద్రమైనది. పైగా వేగం రెట్టింపైతే నీటి నిరోధం దాదాపు నాలుగింతలవుతుంది. కాబట్టి కండబలం పెంచుకున్నంత మాత్రాన సరిపోదు. శరీరాన్ని నీటిలో సన్నగా, తిన్నగా ఉంచడం నేర్చుకోవాలి. సముద్రంలో ఈదేవాడు అల ఎటు వస్తుందో, పడవ ఎటు పోతుందో చూడడానికి తల పైకెత్తి ఈదుతాడు. అక్కడ అదే తెలివి. కొలనులో తల దించి అడుగున ఉన్న నల్లగీతను చూస్తూ ఈదాలి. మన ఈత తప్పని కాదు. అది బతకడానికి పుట్టిన ఈత, ఇది కొలవడానికి పుట్టిన ఈత.

రెండు సెంటీమీటర్ల లెక్క

బుడాపెస్ట్ ఫైనల్లో స్వీడన్‌కు చెందిన సారా షోస్ట్రోమ్ 24.60 సెకన్లతో స్వర్ణం, నెదర్లాండ్స్‌కు చెందిన రనోమీ క్రోమోవిజోయో 25.38 సెకన్లతో రజతం గెలిచారు. ఫరీదాది 25.39. రజతానికీ కాంస్యానికీ తేడా సెకనులో నూరోవంతు.

పెన్ను తీసి లెక్క వేద్దాం. 50 మీటర్లను 25.39తో భాగిస్తే సెకనుకు సుమారు 1.97 మీటర్లు. అందులో నూరోవంతు దాదాపు 2 సెంటీమీటర్లు. అంటే చూపుడువేలి చివరి కణుపు పాటి. 50 మీటర్లు ప్రాణం పెట్టి ఈదాక రంగు మార్చింది అంత దూరం.

పోనీ వెయ్యోవంతు వరకు కొలవవచ్చు కదా అనిపిస్తుంది. 1972 మ్యూనిక్ ఒలింపిక్స్‌లో 400 మీటర్ల మెడ్లేలో అలాగే కొలిచి, వెయ్యిలో రెండు వంతుల తేడాతో స్వీడన్‌కు చెందిన గునార్ లార్సన్‌కు స్వర్ణం ఇచ్చారు. తర్వాత నిబంధన మార్చారు. కొలను కట్టేటప్పుడు ఒక వరుసకూ మరో వరుసకూ పొడవులో కాస్త తేడా ఉండే వీలుంది. అంతకంటే చిన్న తేడాను గెలుపని చెప్పడం న్యాయం కాదు. అందుకే నూరోవంతు దాకా సమానమైతే ఇద్దరికీ ఒకే పతకం. 2016 రియోలో 100 మీటర్ల ఫ్రీస్టయిల్‌లో అమెరికాకు చెందిన సిమోన్ మాన్యుయెల్, కెనడాకు చెందిన పెన్నీ ఒలెక్సియాక్ ఇద్దరూ 52.70 సెకన్లు తీసుకున్నారు. ఇద్దరికీ స్వర్ణం ఇచ్చారు. కొలత న్యాయంగా ఉండాలంటే దాని హద్దు దానికి తెలియాలి. ఇది ఈతకే కాదు, మార్కులకూ వర్తిస్తుంది.

సిలబస్‌లో లేని సబ్జెక్టు

ఫరీదా జీవితంలో మనం ముఖ్యంగా గమనించవలసిన విషయం మరొకటి ఉంది. మూడు ప్రపంచ పతకాలు తెచ్చిన 50 మీటర్ల బటర్‌ఫ్లై, ఆమె పాల్గొన్న మూడు ఒలింపిక్స్‌లో దేనిలోనూ లేదు. ఆ దూరానికి ఒలింపిక్స్‌లో ఫ్రీస్టయిల్ ఒక్కటే ఉండేది. బటర్‌ఫ్లై కావాలంటే 100 మీటర్లు ఈదాలి. బాగా వచ్చిన సబ్జెక్టు పరీక్షలోనే లేకపోతే ఎలా ఉంటుందో తెలుగు మీడియం నుంచి పైచదువులకు వెళ్లిన మాకు కొంత తెలుసు. ఆమె తనకు వచ్చినదాన్ని వదులుకోలేదు, పరీక్షలో ఉన్నదాన్నీ వదులుకోలేదు. 50 మీటర్ల బటర్‌ఫ్లైని 2028 లాస్ ఏంజిలెస్ ఒలింపిక్స్‌లో చేరుస్తున్నట్టు 2025లో ప్రకటించారు. సిలబస్ మారుతుంది. కాకపోతే అందరి వయసూ అప్పటిదాకా ఆగదు.

మన దేశంలో ఇదే దారి

ఈ 50 మీటర్ల బటర్‌ఫ్లై మన దేశ చరిత్రలోనూ ఉంది. 1951 ఢిల్లీ ఆసియా క్రీడల్లో సచిన్ నాగ్ 100 మీటర్ల ఫ్రీస్టయిల్ స్వర్ణం గెలిచారు. 1986లో సియోల్‌లో ఖజాన్ సింగ్ 200 మీటర్ల బటర్‌ఫ్లైలో రజతం తెచ్చారు. తర్వాత 24 ఏళ్లపాటు ఆసియా క్రీడల ఈతలో మనకు పతకమే లేదు. ఆ కరువు తీర్చింది మహారాష్ట్రలోని కొల్హాపూర్‌కు చెందిన వీర్‌ధవల్ ఖాడే. 2010లో గ్వాంగ్జౌలో 50 మీటర్ల బటర్‌ఫ్లైలో కాంస్యం గెలిచారు. తర్వాత మహారాష్ట్ర ప్రభుత్వంలో తహసీల్దారుగా పనిచేస్తూనే ఈదారు. 2018 జకార్తా ఆసియా క్రీడల్లో 50 మీటర్ల ఫ్రీస్టయిల్ ఫైనల్లో ఆయన కాలం 22.47 సెకన్లు. కాంస్యం 22.46కు పోయింది. అదే నూరోవంతు! ఫరీదాకు అది రజతాన్ని తప్పించింది, ఆయనకు పతకాన్నే తప్పించింది.

మన తీరాన కూడా ఈతకు గొప్ప పేరు తెచ్చినవారున్నారు. 2021లో పాక్ జలసంధిని ఈదిన గోలి శ్యామల గారు, 2024 డిసెంబరు చివర విశాఖలో మొదలుపెట్టి 2025 జనవరి మొదటి వారానికి కాకినాడ వరకు సుమారు 150 కిలోమీటర్లు సముద్రంలో రోజుకు కొంత చొప్పున ఈదారు. ఆమెకప్పుడు 50 ఏళ్లు దాటాయి. అది ఓర్పు ఈత, ఫరీదాది వేగం ఈత. రెండింటికీ శిక్షణ కావాలి, వెనుక నిలబడే మనుషులు కావాలి.

సముద్రం మనదే, మరి కొలను?

1927 మార్చి 20న డాక్టర్ అంబేద్కర్ గారు వేలమందితో కలిసి మహద్ పట్టణంలోని చౌదార్ చెరువు నీటిని ముట్టుకున్నారు. నీటిని తాకడం కూడా హక్కు కోసం పోరాడవలసిన విషయమేనని ఆ రోజు దేశానికి తెలిసింది. అమెరికాలోనూ నల్లజాతివారిని ఈత కొలనుల దగ్గరకు రానివ్వని కాలం ఉండేది. అందుకే రియోలో సిమోన్ మాన్యుయెల్ గెలుపు ఒక్క పతకంగా మిగిలిపోలేదు. ఒలింపిక్స్ ఈతలో వ్యక్తిగత స్వర్ణం గెలిచిన మొదటి నల్లజాతి అమెరికన్ మహిళ ఆమె.

ఇప్పుడు కొలను గేటు దగ్గర కులం పేరుతో ఆపే బోర్డు ఉండదు. కానీ ఫీజు ఉంటుంది, ఈత దుస్తులు, కళ్లద్దాలు, టోపీ ఉంటాయి, తెల్లవారుజామున వెళ్లిరావడానికి బస్సు చార్జీ ఉంటుంది. అన్నిటికన్నా ముందు, అలాంటిదొకటి ఉందని చెప్పేవాళ్లు ఉండాలి. మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటివాళ్లం మేమే. పీజీకి ప్రవేశ పరీక్ష ఉంటుందని మాకు చెప్పింది అమ్మానాన్నలు కాదు, ఈ హాస్టల్లో మా ముందు బ్యాచి అన్న. తెలిస్తే అమ్మానాన్నలే చెప్పేవాళ్లు. తెలివి లేక ఆగిపోయేవాళ్లకంటే, కబురు అందక ఆగిపోయేవాళ్లే ఎక్కువ. ఈతలోనూ అంతే. హార్బరులో ఎంతమంది పిల్లలు వేగంగా ఈదగలరో ఎవరికీ తెలియదు. ఎందుకంటే ఎవరూ గడియారం పట్టుకుని చూడలేదు.

మనం చేయగలిగినవి

బీచ్ రోడ్డులో జీవీఎంసీ ఆక్వా స్పోర్ట్స్ కాంప్లెక్స్ ఉంది. ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు 61 రోజులు మన తీరంలో చేపల వేట నిషేధం. బోట్లు జెట్టీకే కట్టి ఉంటాయి. పిల్లలకు వేసవి సెలవులూ చాలావరకు అప్పుడే. ఆ రోజుల్లో వారానికి రెండు ఉదయాలు హాస్టల్ పిల్లలకు, హార్బరు పిల్లలకు కొలనులో సమయం ఇప్పించమని వార్డెన్ గారి ద్వారా కార్పొరేషన్‌కు అర్జీ పెట్టవచ్చు. ఉద్యోగాల్లో ఉన్న అన్నలు తలా ఒకరి ఫీజు, ఈత సామాను భరిస్తే చాలు. ఒక స్టాప్‌వాచ్, ఒక రిజిస్టరు ఉంటే ఎవరు ఎన్ని సెకన్లలో ఈదారో రాసి పెట్టుకోవచ్చు. ఈసారి 40 సెకన్లు, వచ్చే నెల 38 సెకన్లు. అదే మొదటి పతకం.

తమ్ముళ్లకు ఒక హెచ్చరిక కూడా. ఈ వ్యాసం చదివి ఆర్.కె. బీచ్‌లో పందేలకు దిగవద్దు. అక్కడి లోపలి ప్రవాహం బాగా ఈత వచ్చినవాళ్లనూ లాక్కుపోతుంది. వేగం నేర్చుకునే చోటు కొలను, అదీ శిక్షకుడి కళ్లెదుట.

అందరూ ఫరీదాలు కాలేరు. కానవసరం లేదు కూడా. కానీ పోటీ చేసి రెండు సెంటీమీటర్లలో ఓడినవారికి తమకు ఎంత తక్కువైందో తెలుస్తుంది, మరునాడు దాని మీదే పనిచేయవచ్చు. అసలు కొలనులో దిగనివారికి తమలో ఎంత ఉందో కూడా తెలియదు. వచ్చే వార్షికోత్సవ సంచికలో మన పిల్లల పేర్ల పక్కన సెకన్ల లెక్క కూడా అచ్చు కావాలని ఆశిస్తున్నాం.